మొదటి దెబ్బ రోడ్డు దాటాలి

స్టాన్‌ఫర్డ్ చూసొచ్చిన మనవాళ్ళ ఫోన్లలో దాదాపు అవే ఫొటోలుంటాయి. పామ్ డ్రైవ్‌లో రెండు వరసల చెట్లు, మెమోరియల్ చర్చి ముఖాన మెరిసే మొజాయిక్, హూవర్ టవర్. సన్నీవేల్‌లోనో ఫ్రీమాంట్‌లోనో ఉన్న పిల్లల దగ్గరికి ఆర్నెల్లకని వెళ్ళిన అమ్మానాన్నలకి అదొక ఆదివారం కార్యక్రమం. పులిహోర డబ్బాలో పెట్టుకుని, పచ్చికలో కూర్చుని తిని, నాలుగు ఫొటోలు దిగి వచ్చేస్తారు. మొదటిసారి నేనూ అంతే. రెండోసారి వెళ్ళినప్పుడు మా చెల్లెలి కూతురు, "పెద్దమ్మా, ఈసారి వెనకవైపు వెళ్దాం" అంది.

వెనకవైపంటే హునిపెరో సెర్రా బులెవార్డ్. యూనివర్సిటీ భవనాలు ఒకవైపు ఆగిపోతాయి, రెండోవైపు కొండల వాలు మొదలవుతుంది. ఆ వాలు మీద ఎండు గడ్డి, ఓక్ చెట్లు, దూరంగా 150 అడుగుల రేడియో టెలిస్కోపు. అందరూ దాన్ని 'డిష్' అంటారు. రోడ్డు పక్కన నడుస్తుంటే పైన ఎక్కడో టక్కుమని చప్పుడైంది. కొబ్బరికాయ కొట్టినట్టు కాదు, అంతకంటే పొడిగా, చురుగ్గా. తలెత్తేలోపే తెల్లటి బంతి మా నెత్తి మీదుగా, కార్ల మీదుగా అవతలికి వెళ్ళిపోయింది.

"అది ఫస్ట్ టీ. ఇక్కడ ఆట మొదలుపెట్టాలంటే బంతి ముందు రోడ్డు దాటాలి" అంది పిల్ల. దానికి పదిహేనేళ్ళు, స్కూలు జట్టులో గోల్ఫ్ ఆడుతుంది. నాకు ఆ ఆటలో ఓనమాలు కూడా రావు. అయినా ఆ మాట దగ్గరే ఆగిపోయాను. ఆ మైదానం గురించి, దాని మీద ఆడే అమ్మాయిల జట్టు గురించి చదవడం మొదలుపెట్టింది ఆ తర్వాతే.

ఆ నేల గురించి ముందు చెప్పాలి. అదంతా ఒకప్పుడు లీలండ్ స్టాన్‌ఫర్డ్ గుర్రాలు పెంచిన పొలం. ఇప్పటికీ అక్కడి విద్యార్థులు తమ యూనివర్సిటీని ముద్దుగా 'ఫార్మ్' అనే అంటారు. ఆ దంపతులకి ఒక్కడే కొడుకు. 1884లో ఇటలీలోని ఫ్లోరెన్స్‌లో టైఫాయిడ్‌తో పోయాడు, పదహారేళ్ళు కూడా నిండలేదు. ఆ పిల్లాడి పేరు మీద కట్టిన బడి ఇది. 1891లో తలుపులు తెరిచినప్పుడే అబ్బాయిలనీ అమ్మాయిలనీ కలిపి చేర్చుకున్నారు. ఆ రోజుల్లో అది చిన్న విషయం కాదు. అమ్మాయిలు రావడం మొదలుపెట్టారు, ఏటేటా పెరిగారు, ఎనిమిదేళ్ళు తిరక్కుండానే వందలో నలభై మంది దాకా వాళ్ళే. అది చూసి జేన్ స్టాన్‌ఫర్డ్ కంగారు పడింది. భర్త అప్పటికే పోయాడు, నిర్ణయాలన్నీ ఆవిడవే. కొడుకు పేరు మీద పెట్టింది చివరికి ఆడపిల్లల కాలేజీ అయిపోతుందేమోనని 1899లో ఒక నియమం పెట్టింది: ఒక్కసారికి 500 మంది అమ్మాయిలకి మించి ఉండకూడదు.

500. ఆ అంకె మీద నాకు కోపం రావడం లేదు. కొడుకుని పోగొట్టుకున్న తల్లి మనసు అది. కానీ ఆ అంకె ముప్ఫై నాలుగేళ్ళు అలాగే కూర్చుంది. 1933లో గానీ ఎత్తేయలేదు. ఈలోగా 1930లో గోల్ఫ్ మైదానం తెరుచుకుంది. అంటే ఆ పచ్చిక మొలిచిన నాటికి ఆ ఆవరణలో అమ్మాయిలకి ఇంకా లెక్క కట్టే ఉంది.

మైదానాన్ని గీసింది జార్జ్ సి. థామస్, బిల్లీ బెల్. లాస్ ఏంజెలెస్‌లో పేరున్న రివియెరా కూడా ఈ జంట చేసిందే. థామస్‌కి గోల్ఫ్ ఎంత ఇష్టమో గులాబీలు అంత ఇష్టం. కొత్త రకాలు పెంచాడు, గులాబీల మీద పుస్తకాలు రాశాడు. ఇక్కడ అతను నేలని పెద్దగా కదిలించినట్టు కనిపించదు. శాన్ ఫ్రాన్సిస్కిటో వాగుని దాని దారిన పోనిచ్చాడు, దానికి అటూ ఇటూ ఆటని మలిచాడు. పన్నెండో హోల్‌లో అయితే ఫెయిర్‌వే మధ్యలోనే ఓక్ చెట్టు. కొట్టే దారికి అడ్డం. ఇంకెక్కడైనా అయితే నరికేసేవాళ్ళేమో. ఇక్కడ ఆడేవాళ్ళే దారి మార్చుకోవాలి. కుడివైపునుంచా, ఎడమవైపునుంచా, పైనుంచా అని ప్రతిసారీ తేల్చుకోవాల్సిందే. పద్దెనిమిదో టీ ఎత్తు మీద ఉంటుంది. అక్కడ నిలబడితే హూవర్ టవర్ కింద కనిపిస్తుందని, ఆకాశం తేటగా ఉన్నరోజున సముద్రపు పాయ కూడా మెరుస్తుందని ఆడినవాళ్ళు చెబుతారు. సభ్యులకీ, విద్యార్థులకీ, ఉద్యోగులకీ, వాళ్ళ వెంట వచ్చినవాళ్ళకీ తప్ప లోపలికి రానివ్వరు కాబట్టి నాకు రోడ్డు పక్కన నిలబడి చూసే భాగ్యమే దక్కింది.

అక్కడి ఓక్ చెట్లకి ఒక విశేషం ఉంది. కొన్నిటి మానుల నిండా సూదితో పొడిచినట్టు వందల కన్నాలుంటాయి. ప్రతి కన్నంలో ఒక ఓక్ కాయ. వడ్రంగి పిట్టలు చలికాలానికి దాచుకున్న తిండి అది. ఒక్కో కాయకీ సరిపోయేంత కన్నమే తొలుస్తాయి. వదులుగా ఉంటే పడిపోతుంది, ఇరుకైతే పట్టదు. ఆ పిట్టల ఓపిక చూస్తూ నిలబడితే కాళ్ళు నొప్పి పుట్టిన సంగతి తెలియలేదు.

ఈ మైదానం మీద అమ్మాయిల కథ జట్టుతో మొదలవదు. జట్టు లేనప్పుడే మొదలైంది. 1953లో శాన్ డియెగోనుంచి మిక్కీ రైట్ అనే అమ్మాయి ఇక్కడ సైకాలజీ చదవడానికి చేరింది. అంతకు ముందేడాదే బాలికల జాతీయ ఛాంపియన్. అబ్బాయిలకి జట్టుంది, కోచ్ ఉన్నాడు, పోటీలున్నాయి. గోల్ఫ్ ఆడినందుకు అమ్మాయికి ఫీజు కట్టి చదివించే ఏర్పాటు ఆ రోజుల్లో ఎక్కడా లేదు. ఏడాది చదివి ఆమె వెళ్ళిపోయింది, ప్రొఫెషనల్ అయింది. ఆ తర్వాత మహిళా ప్రొఫెషనల్స్ ఆడే ఎల్‌పీజీఏ పోటీల్లో 82 గెలిచింది, అందులో 13 'మేజర్లు' అనే పెద్ద పోటీలు. అంత అందంగా బంతిని కొట్టేవాళ్ళని ఆడవాళ్ళలోనే కాదు, మగవాళ్ళలోనూ చూడలేదని బెన్ హోగన్ అంతటివాడు మెచ్చుకున్నాడు. ఆమె ఏ కారణాన చదువు వదిలిందో నేను తీర్పు చెప్పబోవడం లేదు. కానీ ఉండిపోవడానికి ఆమెకి ఇక్కడ కారణం ఎవరూ చూపించలేదన్నది మాత్రం నిజం.

ఉండిపోయిన అమ్మాయి ఇంకొకరున్నారు. వాషింగ్టన్ రాష్ట్రంనుంచి వచ్చిన ఆన్ క్వాస్ట్. స్టాన్‌ఫర్డ్‌లో చదువుతూనే 1958లో అమెరికా మహిళల అమెచ్యూర్ ఛాంపియన్‌షిప్ గెలిచింది. తర్వాత 1961లో, 1963లో మళ్ళీ గెలిచింది. 1961 ఫైనల్లో ఎదుటామెని 14 హోల్స్ ఆధిక్యంతో, ఇంకా 13 మిగిలుండగానే ఓడించింది. అది 36 హోల్స్ ఫైనల్. అంటే మూడింట రెండొంతులు కూడా ఆడకుండానే తేలిపోయింది. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, చివర్లో మళ్ళీ వస్తుంది.

అమ్మాయిల కాలేజీ గోల్ఫ్‌కి దేశవ్యాప్త పోటీ అనేది మొదట పెట్టింది 1941లో, ఒహాయో స్టేట్ యూనివర్సిటీలో. వ్యాయామ విద్య చెప్పే గ్లాడిస్ పామర్ అనే ఆవిడ పట్టుబట్టి పెట్టించింది. ఆడపిల్లలు పోటీలు పడి ఆడకూడదు, సరదాగా ఆడుకోవాలి అన్నది అప్పట్లో వ్యాయామ విద్య పెద్దల్లోనే బలంగా ఉన్న మాట. వాళ్ళు చెడ్డవాళ్ళు కాదు, పిల్లల మేలు కోరినవాళ్ళే. ఆ మేలు కోరడం లోంచే ఎన్నో తలుపులు మూసుకుపోయాయి. మా ఊరి హైస్కూల్లో నేను ఖోఖో ఆడేదాన్ని. పోల్ దగ్గర తిరగడంలో నన్ను పట్టుకునేవాళ్ళు లేరు. పదో తరగతి రాగానే, "ఇంక చాలు, పరీక్షలున్నాయి" అన్నారు ఇంట్లో. అదీ మేలు కోరే అన్నారు. అందుకే పామర్ పేరు చదివినప్పుడు ఎవరో ఎరిగినావిడ పేరు చదివినట్టనిపించింది.

ఆ 1941 పోటీయే పెరిగి పెద్దదై, 1971లో దాన్ని గెలిచిన అమ్మాయి స్టాన్‌ఫర్డ్ విద్యార్థిని. పేరు షెల్లీ హామ్లిన్. రాజనీతిశాస్త్రం చదివింది. మరుసటేడాదినుంచి ప్రొఫెషనల్‌గా ఆడింది. ఇరవై ఏళ్ళలో ఒక్క టైటిల్. 1991లో రొమ్ము క్యాన్సర్‌కి ఆపరేషన్ అయింది. అందరూ ఆట అయిపోయిందనుకునే వేళకి, ఏడాది తిరక్కుండా 1992లో ఫ్లోరిడాలో గెలిచింది, 1993లో న్యూజెర్సీలో ఇంకోటి గెలిచింది. ఆరోగ్యంగా ఉన్న ఇరవై ఏళ్ళలో ఒకటి, ఆపరేషన్ తర్వాత రెండేళ్ళలో రెండు. 2018లో చనిపోయేదాకా ఆట మనుషులకి ఆవిడంటే ప్రత్యేకమైన గౌరవం.

హామ్లిన్ కాలేజీ పోటీ గెలిచిన మరుసటేడాదే, 1972 జూన్ 23న, నిక్సన్ సంతకంతో ఒక చట్టం వచ్చింది. టైటిల్ నైన్ అంటారు. అసలు వాక్యం ఇంగ్లీషులో 37 మాటలే. ప్రభుత్వ సొమ్ము అందుకునే ఏ చదువుల కార్యక్రమంలోనూ ఆడ, మగ అని వేరుచేసి ఎవరినీ బయట నిలబెట్టకూడదన్నది దాని సారం. అందులో ఆటల ఊసే లేదు. కానీ అమెరికాలో కాలేజీ ఆటలు చదువుల కార్యక్రమంలో భాగం. ప్రైవేటు యూనివర్సిటీలైనా పరిశోధనలకి, విద్యార్థుల ఫీజులకి ప్రభుత్వ డబ్బు తీసుకుంటాయి. దాంతో స్టాన్‌ఫర్డ్ సహా అందరికీ అది తగిలింది. అబ్బాయిలకి జట్టుంటే అమ్మాయిలకి ఏది అని అడిగే హక్కు మొదటిసారి కాగితం మీదికొచ్చింది.

అడగడానికీ అందడానికీ మధ్య చాలా దూరం ఉంది. ఆ రోజుల్లో కాలేజీ అమ్మాయిల ఆటల్ని నడిపిన సంఘం ఏఐఏడబ్ల్యూ. ఆడవాళ్ళు ఆడవాళ్ళ కోసం నడుపుకున్న సంఘం. అది మొదట్లో ఆటకి స్కాలర్‌షిప్ ఇవ్వడాన్నే ఒప్పుకోలేదు. డబ్బొస్తే అబ్బాయిల ఆటల్లో పేరుకున్న కుళ్ళంతా ఇక్కడికీ వస్తుందని భయం. కోర్టు మెట్లెక్కాక 1973లో ఆ పట్టు సడలింది. ఆ సందులోంచి వచ్చిందే నాన్సీ లోపెజ్. న్యూమెక్సికోలో, మెక్సికో మూలాలున్న మామూలు ఇంట్లో పెరిగిన పిల్ల. హైస్కూల్లో అబ్బాయిల జట్టులోనే ఆడింది. డేల్ మెక్‌నమారా అనే కోచ్ ఓక్లహోమాలోని టల్సా యూనివర్సిటీకి తీసుకెళ్ళింది. 1976లో కాలేజీ ఛాంపియన్ అయింది. 1978లో ప్రొఫెషనల్‌గా తొమ్మిది టోర్నమెంట్లు గెలిచింది, అందులో ఐదు వరసగా.

టల్సా కథ ఇక్కడ ఎందుకంటే, అది తిరిగి తిరిగి ఈ ఓక్ చెట్ల కిందికే వచ్చింది. అబ్బాయిల కాలేజీ ఆటల్ని నడిపే సంఘం ఎన్‌సీఏఏ 1982లో అమ్మాయిల ఆటల్ని కూడా తన చేతిలోకి తీసుకుంది. ఏఐఏడబ్ల్యూ మూతబడింది. ఆ ఏడాది రెండు సంఘాలూ పోటీలు పెట్టాయి, రెండూ టల్సాయే గెలిచింది. ఎన్‌సీఏఏ మొట్టమొదటి మహిళల గోల్ఫ్ ఛాంపియన్‌షిప్ జరిగింది స్టాన్‌ఫర్డ్ మైదానంలో. వ్యక్తిగతంగా గెలిచింది టల్సా అమ్మాయి కాథీ బేకర్. మూడేళ్ళకి ఆమె అమెరికా మహిళల ఓపెన్ కూడా గెలిచింది. ఇంటి మైదానంలో పెద్ద పండగ, కప్పు మాత్రం పొరుగూరివాళ్ళు పట్టుకెళ్ళారు. స్టాన్‌ఫర్డ్ అమ్మాయిలకి ఆ కప్పు దక్కడానికి ఇంకా 33 ఏళ్ళు పట్టింది.

ఆ 33 ఏళ్ళూ వట్టిగా పోలేదు. ఇక్కడ ఆడి, చదువు పూర్తిచేసి వెళ్ళిన హిలరీ లంకీ 2003లో అమెరికా ఓపెన్ గెలిచింది. నేరుగా చోటు దక్కక రెండు అంచెల అర్హత పోటీలు ఆడి లోపలికొచ్చిన అమ్మాయి. నాలుగు రోజుల ఆట తర్వాత ముగ్గురు సమంగా నిలిస్తే, ఐదో రోజు మళ్ళీ 18 హోల్స్ ఆడించారు. చివరి హోల్‌లో పట్ లోపలికి దొర్లించి ఒక్క దెబ్బ తేడాతో గెలిచింది. ఓడిన ఇద్దరిలో ఒకామె ఇంటిపేరు స్టాన్‌ఫర్డ్ కావడం ఒక వింత. లంకీ ప్రొఫెషనల్ జీవితంలో గెలిచిన ఎల్‌పీజీఏ పోటీ అదొక్కటే. ఒక్కటే గెలవాలంటే దాన్నే ఎంచుకుంటారు ఎవరైనా.

ఇంకొకామె ఇక్కడే చదివింది గానీ జట్టులో ఆడలేకపోయింది. మిషెల్ వీ. పదహారేళ్ళయినా నిండకముందే, 2005లో ప్రొఫెషనల్ అయిపోయింది. డబ్బు తీసుకున్నవాళ్ళకి అప్పట్లో కాలేజీ జట్టులో చోటు లేదు. 2007లో స్టాన్‌ఫర్డ్‌లో చేరి, టోర్నమెంట్ల మధ్యలో క్లాసులకొచ్చి, 2012లో డిగ్రీ తీసుకుంది. అప్పటి సహాధ్యాయినులు కలిసి ప్రాక్టీసుకి పోతుంటే ఆమె ఏమనుకునేదో.

కాలేజీ గోల్ఫ్ ఎలా ఆడతారో మా పిల్ల రోడ్డు పక్కనే నిలబెట్టి చెప్పింది. జట్టుకి ఐదుగురు. అందరూ ఎవరి బంతి వాళ్ళే ఆడతారు. రోజు చివర ఐదుగురి లెక్కా వేసి, అందరికంటే ఎక్కువ దెబ్బలు కొట్టినామె లెక్క తీసేసి, నలుగురిది కలుపుతారు. "మరి ఆ అయిదో అమ్మాయికి బాధగా ఉండదూ?" అన్నాను. "అయిదో అమ్మాయి ఎవరో చివరిదాకా తెలీదు కదా పెద్దమ్మా" అంది. నిజమే. పొద్దున ఏడు హోల్స్ పాడుచేసుకున్న అమ్మాయి కూడా మిగిలిన పదకొండూ ఒళ్ళు దగ్గరపెట్టుకుని ఆడాలి. మధ్యాహ్నానికి ఇంకెవరి బంతి వాగులో పడుతుందో, ఆఖరికి లెక్కలోకి ఎవరు రావాల్సొస్తుందో.

2012లో జట్టుకి కోచ్‌గా ఆన్ వాకర్ వచ్చింది. స్కాట్లండ్ పిల్ల. ఆడి చదువుకుంది మాత్రం పక్కనే ఉన్న బర్క్‌లీలో, అంటే స్టాన్‌ఫర్డ్‌కి ఆజన్మ ప్రత్యర్థి దగ్గర. ఆమె వచ్చిన మొదటి సీజన్‌లోనే, 2013 ఫిబ్రవరి 17న, ఇంటి మైదానంలో పెగ్ బర్నార్డ్ పేరిట జరిగే పోటీలో మరియా స్టాక్‌హౌస్ అనే మొదటి సంవత్సరం విద్యార్థిని చేసిన పని ఇప్పటికీ చెప్పుకుంటారు.

ఒక హోల్‌ని బాగా ఆడేవాళ్ళు ఎన్ని దెబ్బల్లో పూర్తిచెయ్యాలో ఆ అంకెని పార్ అంటారు. ఇక్కడ 18 హోల్స్‌కి పార్ 71. మొదటి తొమ్మిదింటికి 35. స్టాక్‌హౌస్ ఆ తొమ్మిదీ 26 దెబ్బల్లో ముగించింది. హోల్‌కి మూడు దెబ్బలు కూడా పడలేదు. టీ మీదనుంచి బంతిని వందల గజాల దూరం పంపి, అరచేతిలో పట్టేంత గుంటలో వేయడానికి సగటున మూడు కంటే తక్కువ. రెండో సగం 35. మొత్తం 61. అమ్మాయిల కాలేజీ గోల్ఫ్‌లో అప్పటిదాకా ఎవరూ అంత తక్కువలో ముగించలేదు. జార్జియా రాష్ట్రంనుంచి వచ్చిన నల్లజాతి అమ్మాయి ఆమె. ఆ మరుసటేడాది, అమెరికా తరఫున కర్టిస్ కప్ ఆడిన మొదటి నల్లజాతి మహిళ అయింది. రోడ్డు దాటే ఆ మొదటి బంతిని ఆ రోజు ఆమె ఎలా కొట్టిందో చూసినవాళ్ళు అదృష్టవంతులు.

2015లో ఎన్‌సీఏఏ పోటీ పద్ధతి మారింది. అంతవరకూ మొత్తం దెబ్బల లెక్కే. ఆ ఏడాదినుంచి, లెక్కలో ముందున్న ఎనిమిది జట్లు ఒకదానితో ఒకటి ముఖాముఖి తలపడాలి. ఐదుగురికి ఐదుగురు, మూడు గెలిచిన జట్టుదే పైచెయ్యి. ఇక్కడ దెబ్బల మొత్తంతో పని లేదు, ఒక్కో హోల్ ఎవరు గెలిచారన్నదే లెక్క. ఫ్లోరిడాలో కన్సెషన్ అనే మైదానంలో ఫైనల్. స్టాన్‌ఫర్డ్‌కి ఎదురు టెక్సాస్‌నుంచి వచ్చిన బేలర్. నాలుగు మ్యాచ్‌లు ముగిసేసరికి రెండు రెండు. మైదానం మీద ఒకే జంట మిగిలింది. స్టాక్‌హౌస్, బేలర్ అమ్మాయి హేలీ డేవిస్. రెండు హోల్స్ ఆడాల్సుంది, డేవిస్ రెండు ముందుంది. ఒక్కటి సమమైనా చాలు, కప్పు బేలర్‌ది. స్టాక్‌హౌస్ 17 గెలిచింది. 18 గెలిచింది. సమం. అప్పుడు పంతొమ్మిదో హోల్, అదీ గెలిచింది.

క్రికెట్‌లో చివరి ఓవర్లు చూసి గుండె పట్టుకున్నవాళ్ళం మనం. కానీ అక్కడ పక్కన ఇంకో బ్యాటర్ ఉంటుంది, డగౌట్‌లోంచి సైగలుంటాయి. ఇక్కడ నలుగురు స్నేహితురాళ్ళు తాడు అవతల గడ్డిలో కూర్చుని చేతులు పట్టుకుని చూడ్డం తప్ప చెయ్యగలిగింది లేదు. ఒంటరి ఆటని జట్టు ఆటగా మార్చడమంటే ఏమిటో నాకు అర్థమైంది ఈ మ్యాచ్ గురించి చదివాకే.

ఆ మరుసటేడాది ఫైనల్‌కి మళ్ళీ వెళ్ళారు, వాషింగ్టన్ చేతిలో మూడు రెండుతో ఓడిపోయారు. ఇక అక్కడినుంచి ఒకరి తర్వాత ఒకరు వస్తూనే ఉన్నారు. ఆండ్రియా లీ తొమ్మిది కాలేజీ పోటీలు గెలిచి వెళ్ళింది. 2021లో రేచల్ హెక్, చేరిన మొదటి ఏడాదే వ్యక్తిగత ఛాంపియన్ అయింది. స్టాన్‌ఫర్డ్ అమ్మాయికి ఆ బిరుదు అదే మొదటిసారి. 2022లో, 2023లో రోజ్ జాంగ్. ఆ బిరుదు రెండుసార్లు గెలిచిన అమ్మాయి అంతకుముందు లేదు. రెండేళ్ళలో 20 పోటీలాడి 12 గెలిచింది. ఇదే మైదానంలో చదువుతూ ఆడిన టైగర్ వుడ్స్ కాలేజీలో గెలిచినవి 11. జట్టుకి కప్పు 2022లో మళ్ళీ వచ్చింది, 2024లో ఇంకోసారి.

హెక్, జాంగ్ ఇద్దరూ తర్వాత చేసినవి నన్ను గెలుపుల కంటే ఎక్కువ ఆకట్టుకున్నాయి. జాంగ్ 2023లో ప్రొఫెషనల్ అయింది. ఆడిన మొదటి ఎల్‌పీజీఏ పోటీయే గెలిచింది. 1951 తర్వాత అలా ఎవరికీ జరగలేదు. అంత పేరొచ్చాక చదువు పక్కన పెట్టినా ఎవరూ ఏమీ అనరు. ఆమె మాత్రం చలికాలం టర్ములో క్యాంపస్‌కి వచ్చి క్లాసుల్లో కూర్చుంది. హెక్ దారి వేరు. కాలేజీలో ఉండగానే వైమానిక దళం శిక్షణలో చేరింది. తెల్లారకముందే లేచి యూనిఫాం వేసుకుని కవాతుకి వెళ్ళి, మధ్యాహ్నం గోల్ఫ్ సంచీ భుజాన వేసుకునేది. 2024లో డిగ్రీతోపాటు సెకండ్ లెఫ్టినెంట్ హోదా అందుకుంది. ప్రొఫెషనల్‌గా ఆడనని, అమెచ్యూర్‌గానే ఉంటానని ముందే చెప్పేసింది. దేశంలోకెల్లా మంచి ఆటగాళ్ళలో ఒకరు, డబ్బు ఎదురుగా ఉండగా, వద్దనుకుంది. మిక్కీ రైట్‌కి ఉన్నది ఒకటే దారి. ఈ పిల్లల ముందు నాలుగున్నాయి, వాళ్ళే ఎంచుకున్నారు. చదువా, ఆటా అని మన ఇళ్ళల్లో పదో తరగతి పిల్లల్ని నిలదీసే ప్రశ్న వీళ్ళని ఎవరూ అడగలేదు. అడగనక్కర్లేని చోటు కట్టడానికి డెబ్భై ఏళ్ళు పట్టింది.

ఇక మేఘా గన్నె. ఆ ఇంటిపేరు మన చెవికి కొత్తది కాదు. న్యూజెర్సీలోని హోమ్‌డెల్‌లో పెరిగింది. 2021లో, హైస్కూలు కూడా పూర్తికాకముందు, అమెరికా ఓపెన్‌కి అర్హత సాధించింది. పోటీ శాన్ ఫ్రాన్సిస్కోలోని ఒలింపిక్ క్లబ్‌లో, అంటే స్టాన్‌ఫర్డ్‌కి గంట లోపు ప్రయాణం. మొదటి రోజు 67 కొట్టి మెల్ రీడ్‌తో సమంగా పట్టికలో పైన నిలిచింది. ప్రపంచంలోని మిగతా పెద్ద పెద్ద ప్రొఫెషనల్స్ అంతా ఆ పదిహేడేళ్ళ పిల్ల కింద. ఆదివారం చివరి బృందంలో లెక్సీ థాంప్సన్, యూకా సాసోలతో కలిసి నడిచింది. ఆ రోజు కలిసిరాలేదు, 77 కొట్టింది. అయినా 14వ స్థానం పంచుకుంది, అమెచ్యూర్లలో ఆమే ముందు. ఆ వారమంతా ఆమె నవ్వు మొహం అమెరికా టీవీల్లో తిరిగింది.

2022లో స్టాన్‌ఫర్డ్‌లో చేరింది. 2024లో కప్పు గెలిచిన జట్టులో ఆమె ఉంది. 2025 మే నెలలో మళ్ళీ ఫైనల్, ఈసారి నార్త్‌వెస్టర్న్ చేతిలో మూడు రెండుతో ఓటమి. రెండున్నర నెలలు తిరిగేసరికి, ఆగస్టు 10న, ఓరెగన్ సముద్రపు గట్టున బ్యాండన్ డ్యూన్స్‌లో అమెరికా మహిళల అమెచ్యూర్ ఫైనల్ ఆడింది. ఈదురుగాలికి పేరుపడ్డ మైదానం అది. ఎదురు మిషిగన్ స్టేట్ అమ్మాయి బ్రూక్ బీర్మన్. నాలుగు హోల్స్ ఆధిక్యంతో, మూడు మిగిలుండగా మేఘ గెలిచింది. ఆన్ క్వాస్ట్ ఇక్కడ చదువుతూ గెలిచిన కప్పు ఇదే. అప్పుడు 1958. అప్పటి అమ్మాయి వెనక జట్టూ లేదు, కోచూ లేదు.

ఆ సాయంత్రం మేం తిరిగి వస్తుంటే మొదటి టీ దగ్గర ఒకమ్మాయి ఒంటరిగా ఉంది. జట్టు పిల్లో, మామూలు విద్యార్థినో తెలియదు. మూడు చక్రాల బండి మీద సంచీ, దానికి వేలాడుతున్న తువ్వాలు. తువ్వాలు ఒక కొస తడిపి బంతిని తుడిచింది, పొడి కొసతో మళ్ళీ తుడిచింది. నేలలో టీ గుచ్చింది, నచ్చలేదు, తీసి బెత్తెడు పక్కన గుచ్చింది. జేబులోంచి చిన్న పుస్తకం తీసి ఏదో చూసుకుని మళ్ళీ జేబులో పెట్టింది. కింద రోడ్డు మీద కార్లు ఆగకుండా పోతున్నాయి. ఆఫీసులనుంచి ఇళ్ళకి వెళ్ళే వేళ. మా పిల్ల నా చెయ్యి పట్టుకుని ఆపింది, "కదలకు పెద్దమ్మా, మాట్లాడకు" అని. ఇద్దరం ఊపిరి బిగపట్టుకుని నిలబడ్డాం.

టక్.

బంతి ఎటు పోయిందో ఎండ కళ్ళలో పడి నాకు కనిపించలేదు. పిల్ల మాత్రం మెడ చాచి చూస్తూ, "దాటింది" అంది.